అర్ర దాటకుండా ఆరు నిమిషాల సినిమా

నిర్బంధం మీద షార్ట్ ఫిల్మ్ అనగానే చేతికి తగిలేవి నాలుగే: కిటికీ ఊచలు, గొలుసు, మూలకు ముడుచుకున్న మనిషి, చివర్లో ఎగిరిపోయే పిట్ట. వీటిలో ఏది పెట్టినా చూసేవాళ్లకు మొదటి నిమిషంలోనే సంగతి తెలిసిపోతుంది, ఆ తర్వాతదంతా వాళ్ల ఓపిక. నల్లగొండలో మేం తీసిన ఆరు నిమిషాల ప్రయోగంలో బందీ పాత్ర లేదు, మాట లేదు. కట్టడి మొత్తం తీసే పద్ధతిలోనే పెట్టుకున్నాం. కెమెరా అర్ర గడప దాటొద్దు. బయటి దృశ్యం కావాలంటే మూసిన కిటికీకి ఉన్న ఒక్క రంధ్రంలోంచే లోపలికి రావాలి. గీయడానికి బొగ్గు, గోడ తప్ప ఇంకోటి వద్దు. ఆ అర్రలో వినిపించని చప్పుడు సినిమాలోనూ వినిపించొద్దు.

నియమం పెట్టుకుంటే దానివల్ల ఏదో ఒకటి చేతిలోంచి పోవాలి. ‘సాదాగా తీద్దాం’ అనుకుంటే ఏమీ పోదు, కాబట్టి అది నియమమే కాదు. ‘గడప దాటొద్దు’ అంటే వీధి పోయింది, గుట్ట పోయింది, ఎండ పోయింది. పోయినవాటికి బదులు అర్రలో ఏం దొరుకుతుందని వెతకడంలోనే సగం స్క్రిప్టు తయారవుతుంది.

బొగ్గు, గోడ ఎక్కడి నుంచి వచ్చాయో చెప్పక్కర్లేదు. దాశరథి కృష్ణమాచార్య నిజామాబాద్ జైల్లో పళ్లు తోముకునే బొగ్గుతో గోడల మీద పద్యాలు రాసిన సంగతి తెలంగాణలో అందరికీ తెలిసిందే. అప్పుడు ఆయనతోపాటు లోపల ఉన్న వట్టికోట ఆళ్వారుస్వామి మా నల్లగొండ జిల్లావాడే. చీకటి గదికి చిన్న రంధ్రం పెడితే బయటి దృశ్యం ఎదుటి గోడ మీద తలకిందులుగా పడుతుందన్న సంగతి ఇంకా పాతది. వెయ్యేళ్ల కిందట ఇబ్న్ అల్ హైథమ్ అనే పండితుడు కైరోలో ఖలీఫా అల్ హాకిం కోపానికి భయపడి పిచ్చి నటించాడని, 1021లో ఆ ఖలీఫా పోయేదాకా ఇంట్లోనే బందీగా ఉన్నాడని చెప్తారు. వెలుతురు మీద ఆయన రాసిన పెద్ద గ్రంథం ఆ రోజులదేనంటారు. చీకటి గదికి రంధ్రం పెట్టి బయట వరసగా దీపాలుంచితే లోపల గోడ మీద దీపానికో మచ్చ పడుతుందని, ఒక దీపాన్ని మూస్తే దాని మచ్చ ఒక్కటే మాయమవుతుందని ఆయన వివరించాడు. మా సినిమాలో రాత్రి సీను ఇదే: కిటికీకి ఐదు మీటర్ల దూరంలో ఐదు ప్రమిదలు, వాటి మీద ఒక్కొక్కటిగా బోర్లించే ఇత్తడి చెంబు.

అర్ర ఎంపికలోనే సగం పని తేలిపోతుంది. గూనపెంకుల ఇల్లు ఫొటోలో ఎంత బాగున్నా ఈ పనికి రాదు, పెంకుల సందుల్లోంచి వెలుతురు కారుతూనే ఉంటుంది. స్లాబు గది కావాలి. 12 అడుగుల పొడుగు, 10 అడుగుల వెడల్పు, పొడుగు కొసన ఒకే కిటికీ, అదీ ఉత్తరం దిక్కుకు ఉంటే మేలు. నల్లగొండ 17 డిగ్రీల ఉత్తర అక్షాంశం దగ్గర ఉంది. మే రెండో వారం నుంచి ఆగస్టు మొదటి వారం దాకా తప్ప మధ్యాహ్నపు సూర్యుడు నడినెత్తికి దక్షిణంగానే ఉంటాడు. అంటే చలికాలంలో ఎండ ఇంటి వెనకనుంచి వచ్చి ఉత్తరాన కనిపించే గోడల మీద, చెట్ల మీద, గుట్ట రాళ్ల మీద పడుతుంది, కిటికీలోకి మాత్రం దూరదు. రంధ్రంలోంచి మంచి బొమ్మ రావాలంటే ఇదే కావాలి: బయట నిండు ఎండ, కిటికీ మీద నీడ. పడమటి కిటికీ అయితే పొద్దున పూట ఒక్కటే పనికొస్తుంది. మధ్యాహ్నం దాటితే ఎదురెండలో బయటివన్నీ నల్లబారిపోతాయి. కార్తీకం నుంచి మాఘం దాకా, పొద్దున పదింటి నుంచి మూడింటి దాకా తీయాలి. ఎండాకాలంలో మూసిన గదిలో ఈ పని పెట్టుకోవద్దు. ఫ్యాను వేస్తే తెర ఊగుతుంది, వేయకపోతే మనిషి నిలవలేడు.

వెలుతురు మూయడం అన్నిటికన్నా విసుగు పుట్టించే పని. నల్ల చార్టు కాగితం చాలనుకుంటారు గానీ, ఎండ తగిలితే అది కాషాయం రంగులో వెలుగుతుంది. కూరగాయల సాళ్లకు పరిచే మల్చింగ్ షీటు ఎరువుల దుకాణాల్లో అడిగితే దొరుకుతుంది. ఒకవైపు వెండి రంగు, ఇంకోవైపు నలుపు. 25 మైక్రాన్లదైతే రెండు పొరలు వేయాలి. వెండి వైపు బయటికి పెడితే వేడిని వెనక్కి కొడుతుంది, లోపలి నలుపు గదిలో తిరిగే వెలుతురును మింగుతుంది. పాత అట్టపెట్టెలు కోసి కిటికీ చట్రానికి సరిపడా పలక చేసి, దానికి ఈ షీటు చుట్టి బిగించాలి. పార్సిళ్లకు వేసే గోధుమరంగు టేపు అంచుల్లో వెలుతురు దూరుతుంది, కరెంటు పనివాళ్ల నల్ల టేపే సరైనది. దర్వాజ కింద సందుకు గోనెపట్టా మడిచి పెట్టాలి. అంతా అయ్యాక లైటు ఆర్పి ఇరవై నిమిషాలు ఊరికే కూర్చోవాలి. మొదట్లో కటిక చీకటి అనిపించిన చోటే, కళ్లు అలవాటు పడ్డాక, స్విచ్‌బోర్డు అంచున, వెంటిలేటరు మూలన, మేకు ఊడిన చోట సన్నటి గీతలు బయటపడతాయి. స్విచ్‌బోర్డు మీద వెలిగే చిన్న ఎర్ర దీపం కూడా ఈ చీకటిలో పెద్ద లాంతరే. దాని మీదా టేపు వేయాలి.

ఇక రంధ్రం. మూడు మీటర్ల దూరంలో ఉన్న తెర మీద అన్నిటికన్నా స్పష్టమైన బొమ్మ రావాలంటే రంధ్రం సుమారు రెండున్నర మిల్లీమీటర్లు ఉండాలి. ఇంకా చిన్నది చేస్తే వెలుతురు అంచుల దగ్గర వంగి బొమ్మ మళ్లీ మసకబారుతుంది. కానీ రెండున్నర మిల్లీమీటర్లలోంచి వచ్చే వెలుతురు కంటికే ఆనదు. పది మిల్లీమీటర్లకు పెంచితే కళ్లు అలవాటు పడ్డాక గుట్ట అంచు, చెట్టు కదలిక తెలుస్తాయి గానీ వీడియోకు చాలదు. వెలుతురు బాగా తీసుకునే ఎఫ్/1.8 లెన్సు పెట్టి, కెమెరా సున్నితత్వాన్ని (ఐఎస్ఓ) 1600కు పెంచినా ఒక్కో ఫ్రేముకు మూడు సెకన్లు షట్టరు తెరిచి ఉంచాలి. వీధిలో నడిచే మనుషులు మాయమై రోడ్డు ఒక్కటే మిగులుతుంది. మొదటి నిమిషానికి ఇది బాగా పనికొచ్చింది. మనుషులు లేని ఊరు తలకిందులుగా తెర మీద వేలాడుతుంటుంది, చెట్టుకొమ్మలు పొగలా కనిపిస్తాయి.

వీడియో కావాలంటే రంధ్రానికి లెన్సు తగిలించాలి. దానికి కెమెరా దుకాణానికి పోవక్కర్లేదు, కళ్లద్దాల దుకాణం చాలు. ‘ప్లస్ అర పవర్, కోత వేయని గుండ్రటి లెన్సు’ అని అడగాలి. ఫ్రేముకు కోయకముందు అది 65 నుంచి 70 మిల్లీమీటర్ల వెడల్పు ఉంటుంది. ఒకటిని పవరుతో భాగిస్తే మీటర్లలో దూరం వస్తుంది: 0.50 పవరుకు 2 మీటర్లు. అంటే దూరపు గుట్ట లెన్సుకు 2 మీటర్ల దగ్గర పెట్టిన తెర మీద స్పష్టంగా నిలుస్తుంది. పది మిల్లీమీటర్ల రంధ్రంతో పోలిస్తే వెలుతురు దాదాపు వంద రెట్లవుతుంది. అదే ఎఫ్/1.8తో షట్టర్ 1/25, ఐఎస్ఓ 1000 దగ్గర వీడియో వస్తుంది, ఈ మాత్రం మంచి ఫోను కూడా తీయగలదు. అంచులు మెత్తగా కనిపిస్తే నల్ల అట్టకు 35 మిల్లీమీటర్ల రంధ్రం కోసి లెన్సు ముందు పెట్టాలి. బొమ్మ పదునెక్కుతుంది, వెలుతురు నాలుగో వంతుకు పడుతుంది, ఐఎస్ఓ 4000 కావాలి. నాకైతే మెత్తటి అంచులే నచ్చాయి. పదును కోసం ఐఎస్ఓ పెంచి బొమ్మలో గరుకు తెచ్చుకోవడం ఈ సినిమాకు దండగ.

తెర సంగతి కొంచెం విడమరచి చెప్పాలి, ఈ మొత్తం పనిలో దొరికిన అసలు సొత్తు అదే. దూరపు గుట్టకు తెర 2 మీటర్ల దగ్గర ఉండాలన్నాం కదా, పది మీటర్ల దూరంలో ఉన్న వేపచెట్టుకు రెండున్నర మీటర్లు కావాలి. ఐదు మీటర్ల దూరంలో గల్లీలో పోయే మనిషికి 3.3 మీటర్లు. కాబట్టి తెరను గోడకు కొట్టేయకుండా, గదికి పొడుగునా రెండు జీఐ తీగలు బిగించి, తెర పైకర్రను వాటి మీద జరిగేలా వేలాడదీశాం. కింద సన్నటి ఇనుప కడ్డీ బరువు కట్టాలి, లేకపోతే జరిపిన ప్రతిసారీ అలలు లేస్తాయి. ఇప్పుడు తెరను నెమ్మదిగా వెనక్కి లాగుతుంటే గుట్ట కరిగిపోతుంది, వేపచెట్టు ఆకులు తేలుతాయి, ఇంకా లాగితే సైకిలు మీద పోయే మనిషి మీటరు ఎత్తున తలకిందులుగా నడిచొస్తాడు. కెమెరా ఫోకస్ మార్చకూడదు, తెరతోపాటు అది కూడా అంతే దూరం జరగాలి. కర్రపీటకు చక్రాలు బిగించి, పీటను తెర కర్రకు తాడుతో కట్టేస్తే రెండూ కలిసి కదులుతాయి. తీగలు వదులైతే తెర ఒకపక్కకు ఒరిగి సగం బొమ్మే ఫోకస్‌లో ఉంటుంది, తీసే ముందు రెండు వైపులా టేపుతో కొలుచుకోవాలి.

కెమెరాను ఎక్కడ పెట్టాలన్నది మరో పేచీ. లెన్సుకూ తెరకూ మధ్య నిలబెడితే కెమెరా నీడే తెర మీద పడుతుంది. పక్కనుంచి తీస్తే బొమ్మ ఏటవాలుగా వస్తుంది. పల్చటి తెల్ల పంచెను రెండు మడతలేసి తెర చేసి, తెర వెనక జాగా ఉన్నంతవరకు వెనకనుంచి తీయడం మేలు. అయితే నేరుగా ఎదురుగా పెడితే లెన్సు వెలుగు చుక్క పంచెలోంచి కంట్లో పొడుస్తుంది. కెమెరాను ఆ చుక్కకు ఒక జానెడు కిందికి దింపితే సరి. వెనకనుంచి తీసిన బొమ్మను ఎడిటింగులో 180 డిగ్రీలు తిప్పితే దుకాణం బోర్డు సక్రమంగా చదవొస్తుంది. ముందునుంచి తీసినదాన్ని అలా తిప్పితే అక్షరాలు అద్దంలో మాదిరి తారుమారవుతాయి, దానికి పైకిందులు మాత్రమే మార్చాలి. మేం తలకిందులుగానే వదిలేశాం. ఆకాశం తెర అడుగున, రోడ్డు పైన. మొదట తికమకపెట్టినా నిమిషం గడిస్తే కన్ను ఒప్పుకుంటుంది.

రెండో భాగంలో వెలుతురు బొమ్మను బొగ్గుతో గోడ మీద పట్టుకోవాలి. దీనికి తెర తీసేసి, లెన్సు మార్చి 0.25 పవరుది పెట్టాం. దాని ఫోకస్ 4 మీటర్లు, మా వెనక గోడ 3.6 మీటర్ల దగ్గరే ఉంది, కాబట్టి 35 మిల్లీమీటర్ల అట్ట అడ్డం పెట్టాలి. పెడితే మసక మూడు నాలుగు మిల్లీమీటర్లకు మించదు, గుట్ట గీతను గీసుకోవడానికి అది చాలు. వీడియోకు వెలుతురు సరిపోదు, ఐఎస్ఓ 1000 దగ్గర అర సెకను చొప్పున స్టిల్స్ తీశాం.

బొగ్గు మామూలుది పనికిరాదు. ఇస్త్రీ బండి దగ్గరి తుమ్మబొగ్గు గట్టిది, సున్నాన్ని గీరుతుంది తప్ప నలుపు వదలదు. మెత్తటి బొగ్గుకు మన దగ్గర కందికట్టెను మించింది లేదు. పెన్సిలు మందం కట్టెలు ఏరి, బెరడు గీకి, డబ్బా ఎత్తుకు కోసి బిగుతుగా నిలబెట్టాలి. మూత గట్టిగా పట్టే ఇనుప డబ్బా కావాలి, మూతకు మేకుతో ఒక్క రంధ్రం. రంధ్రం లేకపోతే లోపలి ఆవిరికి మూత ఎగిరిపడుతుంది. ఆరుబయట పిడకల మంటలో పెడితే ముందు తెల్లటి ఆవిరి, తర్వాత చిక్కటి పొగ వస్తాయి, ఆ పొగ రంధ్రం దగ్గర అంటుకొని మండుతుంది. మంట, పొగ రెండూ ఆగితే ఉడికినట్టు. వెంటనే రంధ్రాన్ని తడిమట్టితో మూసి, డబ్బా పూర్తిగా చల్లారేదాకా ముట్టుకోవద్దు. వేడి మీద మూత తీస్తే గాలి తగిలి రాజుకుంటుంది, చేతికి బూడిదే మిగులుతుంది. గీత గోధుమరంగులో వస్తే సరిగా కాలలేదని గుర్తు, మళ్లీ డబ్బాలో పెట్టి కాల్చాలి. మూసిన అర్రలో మాత్రం కుంపటి గానీ బొగ్గు మంట గానీ ఎట్టి పరిస్థితిలోనూ పెట్టొద్దు. కార్బన్ మోనాక్సైడుకు వాసన ఉండదు, ప్రాణం పోయేదాకా తెలియదు.

గోడకు ప్లాస్టిక్ పెయింటు ఉంటే బొగ్గు జారిపోతుంది. సున్నమే కొట్టాలి. కిలో సున్నపురాయికి ఐదు లీటర్ల నీళ్లు, ఒక రోజు నాననిచ్చి గుడ్డతో వడగట్టి, పది లీటర్ల సున్నపు పాలకు 40 గ్రాముల తుమ్మబంక వేడినీళ్లలో కరిగించి కలపాలి. రాయిలో నీళ్లు పోసినప్పుడు సలసల మరిగి చిందుతుంది, కళ్లకు అద్దాలు పెట్టుకోవాలి. బంక తక్కువైతే సున్నం చేతికంటుతుంది, ఎక్కువైతే గోడ నునుపెక్కి బొగ్గును పట్టదు. తెల్లదనానికని అలవాటుగా నీలిమందు కలుపుతారు. దాన్ని మానేయాలి, కంటికి తెలుపే అయినా కెమెరాకు నీలం. సున్నం తడిగా ఉన్నప్పుడు పల్చగా, పాత మరకలన్నీ కనిపిస్తూ ఉంటుంది. చూసి ఇంకో పూత వేయొద్దు, ఆరేకొద్దీ తెలుపెక్కుతుంది.

గోడ మీద బొగ్గు గీతకు ప్రాణం పోయడం మాత్రం గొడ్డుచాకిరీ. మన కరెంటు 50 హెర్ట్జ్, దీపాల మిణుకు బొమ్మలో పడకుండా సినిమా మొత్తం సెకనుకు 25 ఫ్రేములకు కట్టాం. ఒక్కో బొమ్మను రెండు ఫ్రేములు నిలిపితే నిమిషానికి 750 బొమ్మలు కావాలి. గీయడం, కెమెరా నొక్కడం, పొడిగుడ్డతో తుడవడం, మళ్లీ గీయడం. తడిగుడ్డ తగిలిందా, నల్లటి ముద్ద అవుతుంది. ఎంత తుడిచినా పాత గీత బూడిదరంగు నీడగా మిగులుతుంది. ఆ నీడలనే ఉంచుకున్నాం: రంధ్రం మూసి చీకటి చేశాక, గుట్ట మీది బండలు ఒక్కొక్కటి ఊడి ఆకాశంలోకి జారుతుంటే వాటి దారులు గోడ మీద నిలిచిపోతాయి. గోడ మరీ నల్లబడ్డాక పల్చటి సున్నం పూత వేసి, ఒక రోజు ఆరనిచ్చి, ఆ తెల్లబడటాన్ని కూడా షాటుగా తీసుకున్నాం.

ఇక్కడ పని చెడగొట్టేది మిణుకుమిణుకు. కెమెరా ఆటోలో ఉంటే ఒక్కో బొమ్మ ఒక్కో వెలుతురులో వస్తుంది. ఐఎస్ఓ, షట్టరు, వైట్ బ్యాలెన్సు, ఫోకస్ నాలుగూ చేత్తో బిగించాలి, ఫోను తనంతట తానే వెలుగునీడలు సరిచేసే హెచ్‌డీఆర్ ఆపేయాలి. సాయంత్రం వోల్టేజీ ఎగుడుదిగుళ్లకు బల్బు వెలుగూ మారుతుంది, పవర్ బ్యాంకు మీద నడిచే ఎల్ఈడీ దీపాలు రెండు, గోడకు చెరోవైపు 45 డిగ్రీల్లో పెడితే నిలకడ. వీటన్నిటి తర్వాత కూడా బొమ్మ అదురుతుంటే గీసేవాళ్ల బట్టలు చూడాలి. తెల్లచొక్కా వేసుకొని ఒకసారి దగ్గరగా, ఒకసారి దూరంగా నిలబడితే గోడ మీద వెలుతురు మారిపోతుంది. నల్లబట్టలు వేసుకొని, గచ్చు మీద సుద్దతో పాదాల గుర్తు గీసుకొని, నొక్కేటప్పుడు ప్రతిసారీ అక్కడే నిలబడాలి. ట్రైపాడ్ కాళ్ల కింద తడిమట్టి ముద్దలు పెట్టి ఆరనిస్తే కదలవు. బటన్ చేత్తో నొక్కొద్దు, ఇయర్‌ఫోన్ వాల్యూమ్ మీట చాలా ఫోన్లలో షట్టరుగా పనిచేస్తుంది.

శబ్దానికి ఎక్కువ తంటా పడలేదు. ఎలక్ట్రానిక్ దుకాణంలో దొరికే అదురును కరెంటు సిగ్నలుగా మార్చే 27 మిల్లీమీటర్ల పీజో బిళ్లను తీగకు అతికించి, గోడకు నొక్కిపెట్టి బొగ్గు గీత చప్పుడు రికార్డు చేయాలనుకోవడం సహజం. కానీ సున్నపు గోడ ఆ చప్పుడును మింగేస్తుంది. టేకు దర్వాజకు బిళ్లను బిగించి దాని మీద గీస్తే గరగర బాగా వస్తుంది. బిళ్లను నేరుగా ఫోనుకు కలిపితే కింది స్వరాలు పోయి రేకు చప్పుడు మిగులుతుంది, మధ్యలో సిగ్నలును సరిచేసి పెంచే గిటారు ప్రీయాంప్ ఒకటి ఉండాలి. అందరూ ఊపిరి బిగబట్టి అర్ర మౌనాన్ని ఒక నిమిషం విడిగా పట్టుకోవాలి, ఎడిటింగులో అతుకులకు అదే పూత. అజాన్, సోడా బండి గంట, కుక్కలు అన్నీ గోడ దాటి వచ్చినవే కాబట్టి ఉంచేశాం.

చూపించేటప్పుడు ఒక చిక్కు ఉంది. చీకట్లో కూర్చొని ఫోను తెర మీద సరిచేసిన సినిమా కాలేజీ హాల్లో, ఫంక్షన్ హాల్లో పరదాల సందుల్లోంచి వెలుతురు వస్తుంటే మొత్తం మాయమవుతుంది. అలాంటి చోట్లకు నీడలను ఒకటిన్నర స్టాపు (ఒక స్టాపు అంటే వెలుతురు రెట్టింపు) లేపిన వేరే కాపీ ఉంచుకోవాలి. ఇక అద్దెగదిలో తీసేవాళ్లు ఇంటివాళ్లకు బొగ్గు సంగతి ముందే చెప్పాలి. బ్రష్షుతో గోడంతా పొడిగా దులపకుండా సున్నం కొడితే మసి తేలి బూడిదరంగు అవుతుంది. దులిపి రెండు పూతలు వేస్తే గాని గోడ వాళ్ల గోడలా కాదు.